సూరవ్వ నడక

ఫోన్ వచ్చిన రోజు నుంచి దశరథం కాలు ఒకచోట నిలవడం లేదు. తొండుపల్లిలో అతనిది రెండు గదుల రేకుల ఇల్లు. వాకిట్లోంచి సందు మొగ దాకా నడుస్తాడు. అక్కడ తనకేం పనిలేదని గుర్తొచ్చినట్టు వెనక్కి తిరుగుతాడు. వాకిట్లోకి వచ్చి నీళ్ల డ్రమ్ము మూత తీసి చూసి, మళ్లీ పెడతాడు. తలమీదుగా విమానం పోతుంటే ఇంట్లో గిన్నెలు సన్నగా మోగుతాయి. ఆ మోత ఆగేలోపు అతను ఇంకోసారి సందు మొగ దాకా పోయి వచ్చేస్తాడు.

"ఏందయ్యా, కాలుగాలిన పిల్లి లెక్క గట్ల తిరుగుతున్నవ్? కూసోని చాయ్ తాగరాదు," అన్నది భార్య శోభ.

"కూసుంటె ఊపిరాడ్తలేదే."

"పిలిచి శాలువ కప్పుతమంటె సంతోషపడాలె గాని, గిట్ల పరేషాన్ అయితరా ఎవలన్న?"

దశరథం చాయ్ గ్లాసు అందుకుని, తాగకుండానే మళ్లీ సందులోకి నడిచాడు.

ఫోన్ చేసిన అమ్మాయి పేరు మనీషా. నగరంలో ఏదో కళాసంస్థలో పనిచేస్తుంది. ఆదివారం మధ్యాహ్నం శంషాబాద్‌లో ఒక ఫంక్షన్ హాల్లో పాత భాగోతాల పండుగ పెడుతున్నారట. "బాపూ, ఆట మొత్తం వద్దు. మీరు సూరవ్వ వేషంలో వచ్చే ఆ ఒక్క ఘట్టం చాలు. ఫోన్లల్ల తిరుగుతున్న మీ వీడియో చూసినోళ్లందరూ అదే అడుగుతున్నరు," అన్నది. అంతవరకు బాగానే ఉంది. ఫోన్ పెట్టబోతూ ఇంకో మాట అడిగింది. "బాపూ, ఆ నడక మీకెట్ల వచ్చింది? ఎవరినన్న చూసి నేర్చుకున్నరా? స్టేజీ మీద ఆ ముచ్చట రెండు ముక్కలు చెప్పాలె మీరు."

అదుగో, అప్పటి నుంచి.

దశరథం భాగోతంలో వేషం కట్టడం మొదలుపెట్టి నలభై ఏడేళ్లు. అందులో ఒక్కసారి కూడా రాజు వేషం కట్టలేదు. పదిహేనేళ్లప్పుడు సోమయ్య దగ్గర చేరాడు. సోమయ్య చుట్టుపక్కల ఊళ్లకు భాగోతం నేర్పిన గురువు. పగలు నాగలి పట్టేవాడు, పొద్దుగూకితే హార్మోనియం పట్టేవాడు. మొదటిరోజే దశరథాన్ని ఎగాదిగా చూసి తేల్చేశాడు.

"నీ ముక్కు వంకర. నీ ఎత్తు గింతే. నీకు కిరీటం పెడితె కిరీటమే కనవడ్తది, నువ్వు కనవడవు. కాని నీయి దొంగకండ్లురా. ఎవలను జూసినా వాళ్లను ఎత్కొస్తవ్. నువ్వు పక్క ఏశాలకు పుట్టినోనివి."

శాపమో దీవెనో గాని, ఆ మాటే అతని బతుకైంది. రాజు వేషం సత్తయ్యది. మంచి పొడగరి, గొంతెత్తితే రెండు వాడల అవతలికి వినపడేది. ఆ రాజు చుట్టూ ఉండే మనుషులందరూ దశరథమే. కావలివాడికి ఊరి తలారి దగ్గు పెట్టాడు. లోభి షావుకారుకు శంషాబాద్ అంగట్లో మిర్చి వ్యాపారి పొట్ట పెట్టాడు. తాగుబోతు మంత్రికి తన సొంత మేనమామ నాలుక పెట్టాడు. ఆ మేనమామ ఆట చూసి, ఇంటికొచ్చి, "నన్ను మంత్రిని చేసినవ్ కదరా అల్లుడా," అని మురిసిపోయాడు. ఒకే ఆటలో అయిదు వేషాలు మార్చేవాడు. దరువు పాడితే గొంతు కూడా వేషానికొకటి. సత్తయ్యకు చప్పట్లు, దశరథానికి ఈలలు. ఏళ్ల తరబడి అట్లా సాగింది.

తర్వాత విమానాలొచ్చాయి. చేలు పోయాయి. పంట ఇంటికొచ్చాక ఊరూరా ఆట ఆడించుకునే సరదా చేలతోపాటే సన్నగిల్లింది. జట్టులో రాములు క్యాబ్ కొనుక్కున్నాడు, ఇద్దరు కార్గోలో కూలికి చేరారు. దశరథం కూడా ఎయిర్‌పోర్టులో ట్రాలీలు తోసే పనికి కుదిరాడు. లోపలికి పోయేవాళ్లు నాలుగడుగులకోసారి వెనక్కి చూస్తారని, బయటికొచ్చేవాళ్లు మెడ ముందుకు చాచి నడుస్తారని గమనించడానికే అతనికి పొద్దు చాలేది కాదు. ట్రాలీలు ఎక్కడివక్కడ ఉండిపోయేవి. "పనిచేస్తున్నవా, సినిమా సూస్తున్నవా?" అన్నాడు సూపర్వైజరు. మర్నాడు చాయ్ బండి దగ్గర దశరథం ఆ సూపర్వైజరునే అచ్చు దింపి చూపించాడు. అందరూ కడుపు పట్టుకుని నవ్వారు, వెనకాల నిలబడ్డ సూపర్వైజరు తప్ప. ఆ పని పోయింది. తర్వాత నర్సరీలో, గోదాములో, ఎవరిదో ప్లాటు కాపలాలో చేశాడు. ఎక్కడా ఏడాది నిండలేదు. వేషం కట్టినప్పుడు మాత్రమే అతని ఒంట్లో ఉడుకు నిలకడకు వచ్చేది.

ఆ వేషాలన్నిట్లోకీ తలమానికం సూరవ్వ. "పగడాల రాణి" అని సోమయ్యే కట్టిన ఆటలో వస్తుంది. రాజుకు లేనిపోనివి చెప్పి, రాణికి పుట్టిన బిడ్డను చంపించాలని మంత్రి పన్నాగం పన్నుతాడు. అంతఃపురంలో పొయ్యి ఊడ్చే ముసలి దాసి సూరవ్వ, బిడ్డను గంపలో పెట్టి, పైన బూడిద కప్పి, నెత్తిన పెట్టుకుని కోట వాకిలి దాటిస్తుంది. వాకిట్లో ఈటె పట్టుకున్న కావలివాడు అడ్డం నిలబడతాడు. సూరవ్వ దరువు అందుకుంటుంది:

"బూడిద గంపన్న ఇది, బువ్వ గంప కాదు,
వాడవతల పోసొస్త, దారియ్యరాదు."

వేషం ఇచ్చేటప్పుడు సోమయ్య ఒకటే మాట అన్నాడు. "ముసల్ది. పేదది. ధైర్యంగలది. నడక మాత్రం నువ్వే తెచ్చుకో."

అప్పుడు దశరథానికి ఇరవై అయిదేళ్లు. నడక కోసం వారం రోజులు అంగళ్లలో, బస్టాండ్లలో తిరిగాడు. దొరకలేదు. ఆ వారం చివర బోనాలకని అక్క శివమ్మ చంటిపిల్లాణ్ని చంకనేసుకుని మామిడిపల్లి నుంచి పుట్టింటికి వచ్చింది. శివమ్మ అతనికన్నా ఏడేళ్లు పెద్దది. పెండ్లయిన రెండేళ్లకు చింతకాయ దులపడానికి చెట్టెక్కి పడింది. తుంటి విరిగితే ఊళ్లోనే కట్టు కట్టారు. ఎముక వంకరగా అతికింది, ఎడమకాలు పొట్టిదైపోయింది. ఆ కాలు నేల మీద ఆనించినప్పుడల్లా ఒళ్లంతా ఆ పక్కకు ఒరిగి, మళ్లీ లేచేది. ఒరిగినప్పుడల్లా కొంగు అంచు పంట కరిచిపట్టేది. దశరథం అరుగు మీద కూర్చుని చూశాడు. మర్నాటికల్లా ఆ నడక అతని ఒంట్లో ఉంది.

మొదటి ఆట తొండుపల్లిలోనే. గంప నెత్తిన పెట్టుకుని సూరవ్వ ఒరిగినప్పుడల్లా బూడిద జలజలా రాలి కావలివాడి మీసాల మీద పడింది. వాడు తుమ్మాడు. మళ్లీ ఒరిగింది, మళ్లీ రాలింది, మళ్లీ తుమ్మాడు. జనం పడిపడి నవ్వారు. ముందు వరుసలో చాప మీద శివమ్మ కూడా నవ్వడం దశరథం చూశాడు. కాసేపయ్యాక చూస్తే ఆ చోట ఆమె లేదు. పిల్లాడు ఏడ్చి ఉంటాడనుకున్నాడు.

జట్టు మామిడిపల్లిలో కూడా ఆ ఆట ఆడింది. ఆరు నెలల తర్వాత దశరథం ఏదో పనిమీద అటు పోయి అక్క ఇంటి ముందు ఆగితే, పక్కింటావిడ గోడ మీంచి కేకేసింది. "ఓ సూరవ్వా! నీ తమ్ముడొచ్చిండు!"

దశరథం నవ్వాడు. తన వేషం ఇంత దూరం పాకిందని పొంగిపోయి నవ్వాడు. గుమ్మంలోకి వచ్చిన శివమ్మ ఆ నవ్వు చూసింది. నీళ్లిచ్చింది, అన్నం పెట్టింది, ఒక్క మాట మాట్లాడలేదు. ఆ ఏడు రాఖీ కట్టడానికి రాలేదు. తర్వాత ఏ ఏడూ రాలేదు. పెండ్లిళ్లకు, చావులకు కనిపించేది. "మంచిగున్నవా అక్కా" అంటే "ఆఁ" అనేది. ముప్పై ఏడేళ్లు ఆ ఒక్క "ఆఁ" మీద గడిచిపోయాయి. ఎందుకని అతను ఎన్నడూ అడగలేదు. అడిగితే తెలిసిపోతుంది. తెలిస్తే వేషం మానాలి. సూరవ్వ లేకపోతే దశరథాన్ని ఎవరు గుర్తుపడతారు?

ఇప్పుడా అమ్మాయి అడిగింది, నడక ఎక్కడిదని.

బుధవారం మధ్యాహ్నం దశరథం మోపెడ్ తీసి మామిడిపల్లికి బయలుదేరాడు. ఒకప్పుడు చేల గట్ల మీద అడ్డంపడి పోయేవాళ్లు. ఇప్పుడు ఎయిర్‌పోర్టు గోడ వెంబడి చుట్టు తిరిగి పోవాలి. గోడ ఎంతకూ తెగలేదు. శివమ్మ అరుగు మీద కూర్చుని చిక్కుడుకాయ ఒలుస్తున్నది. తల మొత్తం నెరిసింది. మొగుడు పోయి ఆరేళ్లు, కొడుకు ట్రాలీ ఆటో నడుపుతాడు.

దశరథం వానల గురించి మాట్లాడాడు. కొత్తగా వేస్తున్న రోడ్డు గురించి మాట్లాడాడు. శోభ మోకాళ్ల నొప్పి గురించి మాట్లాడాడు. కూర్చున్నాడు, లేచాడు, జామచెట్టు దాకా పోయి వచ్చి మళ్లీ కూర్చున్నాడు.

"ఏం పనిమీదొచ్చినవ్?" అన్నది శివమ్మ తలెత్తకుండా.

"ఏం లేదక్కా. ఊకెనే."

"ఊకెనే ఎన్నడొచ్చినవ్ నువ్వు?"

దశరథం నోరు తెరిచాడు. వేల మంది ముందు అయిదు గొంతులతో పాడిన మనిషికి ఆ అరుగు మీద ఒక్క గొంతు దొరకలేదు. "వస్త అక్కా," అని మోపెడ్ స్టార్ట్ చేశాడు.

గురువారం సత్తయ్య ఇంటి షెడ్డులో జట్టు కలిసింది. దశరథం గంప ఎత్తుకున్నాడు, దరువు అందుకున్నాడు, మొదటి అడుగు వేశాడు. రెండో అడుగు పడలేదు.

"ఏమైందిరా?" అన్నాడు సత్తయ్య. డెబ్బై దగ్గర పడ్డా గొంతు ఇంకా రాజుదే. "ముప్పై ఏడేండ్ల సంది ఏస్తున్నవ్. ఇయ్యాల మర్చిపోయినవా?"

"మర్చిపోలేదన్నా. యాదికొస్తున్నది. గదే తిప్పలు."

కావలివాడి వేషం కట్టే రాములు గడియారం చూసుకున్నాడు. అతనికి ఎయిర్‌పోర్టు నుంచి కిరాయి ఉంది. "అన్నా, ఆదివారం నాటికి నువ్వే సెట్ అయితవ్ తీయ్," అని వెళ్లిపోయాడు.

ఇంటికొచ్చి దశరథం జరిగినదంతా శోభకు చెప్పాడు. పక్కింటి గోడ, ఆ కేక, తన నవ్వు, అన్నీ. ఇన్నేళ్ల కాపురంలో ఆ నవ్వు సంగతి ఆమెకు చెప్పడం అదే మొదలు. శోభ, "చెప్పాల్సింది ఆమెకు, తిరిగేది సందుల. రేపు పో. చెప్పకుంట మాత్రం రాకు," అన్నది.

శుక్రవారం శివమ్మ వాకిట్లో నల్లా దగ్గర స్టీలు బిందె కడుగుతున్నది. దశరథం ఈసారి కూర్చోలేదు.

"అక్కా, ఆదివారం సూరవ్వ ఏశం ఎయ్యమన్నరు నన్ను."

బిందె మీద చెయ్యి ఆగింది. "ఏసుకో. ఇన్నేండ్లు నన్నడిగి ఏసినవా?"

"అడగలే. గందుకే వచ్చిన. ఆ నడక యాడిదని అడుగుతున్నరు. నీ పేరు చెప్పాల్నా, అబద్ధం చెప్పాల్నా, తెలుస్తలేదు."

శివమ్మ వచ్చి అరుగు అంచున కూర్చుంది. దగ్గరగా విమానం దిగుతున్నది. ఆ చప్పుడు పోయేదాకా ఆగింది.

"తొలిసారి ఆడినప్పుడు నేను ముందట్నే కూసున్న. యాదికున్నదా?"

"ఉన్నది."

"అందరికన్న ముందు నేనే నవ్విన. గంత మంచిగ ఏసినవ్. ఆ ముసల్ది కొంగు నోట్ల పెట్టుకున్నది సూడు, అప్పుడు నా నోట్ల గూడ కొంగున్నది. గప్పుడు ఎరుకైంది, నన్ను జూసి నేనే నవ్వుతున్ననని."

దశరథం గోడకు ఆనుకున్నాడు.

"అత్త సూరవ్వ అన్నది. మరుదులు సూరవ్వ అన్నరు. పిల్లగాన్ని బడిల ఏయనీకి పోతె, ఆ సారు గూడ 'సూరవ్వ కొడుకువా' అన్నడు. నా మొగడు సచ్చినంక ఆఫీసుల కాయిదం మీద శివమ్మ అని రాసిన్రు. నా పేరు గదే గద అని జరసేపు సూసిన." ఆమె గొంతులో ఏడుపు లేదు. ఎప్పుడో ఆరిపోయిన దాన్ని చెబుతున్నట్టు చెప్పింది. "నువ్వు ఏశం ఏసినవని గాదు నా బాధ. ఆ దినం గోడకాడ ఆమె పిలిస్తె నువ్వు నవ్వినవ్."

"తప్పయిందక్కా." జేబులోంచి ఫోన్ తీశాడు. "ఎయ్యను. ఇప్పుడే ఫోన్ చేసి చెప్త."

"నిన్ను మానమన్ననా నేను?" శివమ్మ విసుక్కుంది. "అయినా నీకు ఆ నడక రాలే. సగమే ఎత్కపోయినవ్."

అంత దుఃఖంలోనూ దశరథం లోపలి నటుడికి చురుక్కుమంది. "సగమేంది? జనం గుర్తువట్టలేదా మరి?"

"సూరవ్వ గంపల ఏమున్నది?"

"బూడిద."

"బూడిద కింద?"

"బిడ్డ."

"పసిబిడ్డను నెత్తిమీద పెట్టుకొని ఎవలన్న గట్ల ఊగుతరారా?" అన్నది శివమ్మ. "బూడిద రాల్తె బిడ్డ కనవడ్తది. బిడ్డ కనవడితె ఈటెతోని పొడుస్తరు. అది ఊపిరి బిగవట్టి నడవాలె గాని తుమ్ములు తెప్పిస్తదా?"

ముప్పై ఏడేళ్లలో ఆ గంపలో బిడ్డ ఉందని దశరథం ఒక్కనాడూ అనుకోలేదు. గంపలో ఎప్పుడూ ఒక పాత గుడ్డల మూటే ఉండేది.

శివమ్మ లేచింది. నల్లా తిప్పి బిందె నిండా పట్టింది. పాత చీరముక్క చుట్టి తలమీద పెట్టుకుంది. దశరథం "అక్కా, వద్దు, ఈ వయసుల," అని ముందుకు రాబోతే చేత్తోనే ఆపింది. బిందె ఎత్తి నెత్తిన పెట్టుకుని, నల్లా దగ్గర నుంచి ప్రహరీ దాకా నడిచింది.

చక్కగా నడిచింది. ఒరగలేదు. పొట్టి కాలు కింద పెట్టేటప్పుడు మడమ ఎత్తి, బొటనవేలి మీద నిలబడి, నడుం లోపలికి బిగించి, ఆ తేడానంతా ఒంట్లోనే మింగేసింది. మెడ నరాలు తేలాయి. ఊపిరి బిగబట్టింది. చుక్క నీరు తొణకలేదు. ప్రహరీ దగ్గర తిరిగి, మళ్లీ అంతే నింపాదిగా వెనక్కి వచ్చి బిందె దించింది. దించాక అరుగు దాకా ఉన్న నాలుగడుగులూ ఎన్నడూ లేనంతగా ఒరిగిపోతూ వచ్చి కూలబడింది.

"మీద బరువున్నప్పుడు కుంటనియ్యరురా," అన్నది రొప్పుతూ. "దించినంకనే. నువ్వు దించినంక సూసినవ్ నన్ను. ఎత్తుకున్నప్పుడు ఎన్నడన్న సూసినవా?"

దశరథం ఆమె కాళ్ల దగ్గర మెట్టు మీద కూర్చుండిపోయాడు. ఆ వారంలో అతను కదలకుండా కూర్చున్నది అప్పుడే.

పోయే ముందు అడిగాడు. "ఆదివారం వస్తవా అక్కా? బండి మీద తీస్కపోత."

"రాను. ఒక్కసారి సూసిన, సాలు." గేటు దగ్గరికొచ్చాక వెనకనుంచి వినపడింది. "పేరు చెప్తె శివమ్మ అని చెప్పు."

ఆదివారం ఫంక్షన్ హాలు నిండింది. ఏసీ చలి, ప్లాస్టిక్ పూలు, కుర్చీలకు తెల్ల తొడుగులు. మనీషా మెడలో కార్డు వేసుకుని అటూ ఇటూ పరుగెత్తుతున్నది. దశరథం ముఖానికి రంగు పూసుకుని, నెరిసిన సవరం కట్టుకుని, తెర వెనక పది అడుగుల మేర బోనులో పెట్టిన పులిలా తిరిగాడు. గంపలో గుడ్డల మూట పెట్టే ముందు దాన్ని విప్పి, చక్కగా మడిచి, చంటిపిల్లకు చుట్టినట్టు చుట్టాడు. కింద రెండు ఇటుకలు కూడా పెట్టాడు. సత్తయ్య అది చూసి కనుబొమలు ఎగరేశాడు.

హార్మోనియం మోగింది. సూరవ్వ వచ్చింది. ఆ సవరాన్ని, ఆ గంపను చూడగానే హాల్లో ముందే నవ్వులు మొదలయ్యాయి. ఫోన్లు పైకి లేచాయి.

సూరవ్వ చక్కగా నడిచింది.

జనం ఎదురుచూశారు. కావలివాడి వేషంలో రాములు ఈటె అడ్డం పెట్టి, తుమ్మడానికి ముక్కు సిద్ధం చేసుకుని నిలబడ్డాడు. బూడిద రాలలేదు. సూరవ్వ దరువు అందుకుంది. ఎప్పుడూ గంతులేసినట్టుండే దరువు, గొంతు తొణికితే గంప తొణుకుతుందేమో అన్నంత మెల్లగా వచ్చింది. హార్మోనియం మీది మనిషి తడబడి వెనక్కి తగ్గాడు. "ఊగన్నా, ఊగు," అన్నాడు రాములు పెదవులు కదలకుండా. దశరథం అతని ఈటె కొసను చూశాడు. ఇటుకల బరువుకు అతని మెడ వణుకుతున్నది, బొటనవేలు మంటపెడుతున్నది. ఆ చూపు చూసి రాములు నిజంగానే బెదిరాడు. మరిచిపోయిన మనిషిలా ఈటె పక్కకు తీశాడు. సూరవ్వ వాకిలి దాటింది.

వేదిక ఆ చివర గంప దించింది. గుడ్డ తొలగించి బిడ్డ ఊపిరి చూసుకుంది. అప్పుడు ఒరిగింది. మూడడుగులు, కొంగు పంట పట్టి. వెనక వరుసలో ఎవడో ఒకడు గట్టిగా నవ్వి, తన నవ్వు తనకొక్కడికే వినపడేసరికి ఆపేశాడు.

చప్పట్లు వచ్చాయి గాని, అక్కడక్కడా వచ్చాయి. మనీషా మైకు తెచ్చి, "ఆ నడక ఎవరిది బాపూ?" అని అడిగింది.

"మా అక్కది. శివమ్మ. మామిడిపల్లిల ఉంటది," అన్నాడు దశరథం. "అడగకుంట ఎత్కొచ్చిన. ముప్పై ఏడేండ్లయినంక, మొన్న శుక్రవారం అడిగిన."

ఇంకా ఏదో చెబుతాడని అందరూ చూశారు. అతను మైకు తిరిగిచ్చేశాడు.

తెర వెనక సత్తయ్య కిరీటం బల్ల మీద పడేశాడు. "చెడగొట్టినవ్ దశరథం. నవ్వించేది ఒక్కటే ఉండె, దాన్నీ ఏడిపించినవ్."

మనీషా మొహమాటంగా వచ్చింది. "బాపూ, నాకైతే ఒళ్లు జలదరించింది. కాని మా వాళ్లు ఆ బూడిద పడేది వీడియోకు కావాలంటున్నరు. ఒక్కసారి, ఇక్కడనే, పాత లెక్క చేస్తరా?"

"రాదు బిడ్డా."

"మీకు రాకపోవుడేంది?"

"గంపల బిడ్డున్నది. ఇగ నాకు కనవడ్తున్నది. ఊపలేను."

సోమవారం పొద్దున్నే మామిడిపల్లికి పోయాడు. శివమ్మ పొయ్యి దగ్గర ఉంది.

"నవ్విన్రా?" అన్నది.

"ఒకడు నవ్విండు."

"ఎప్పుడు?"

"దించినంక."

"నవ్వనియ్." రొట్టె తిప్పింది. "నా పేరు చెప్పినవా?"

"చెప్పిన."

"ఎట్ల చెప్పినవ్? చెప్పు."

దశరథం వంటింటి గుమ్మంలో నిటారుగా నిలబడి, వేదిక మీద చెప్పినట్టే చెప్పాడు, ఒక్క అక్షరం పోకుండా. శివమ్మ పొయ్యివైపు చూస్తూ విన్నది. "మైకులనా?" అన్నది. "మైకుల," అన్నాడు. పొయ్యి మీది రొట్టె మాడింది.

ఇది ఇంతటితో కుదురుకుంటే దశరథం దశరథం ఎట్లా అవుతాడు? నెల తిరిగేసరికి మైలార్‌దేవ్‌పల్లిలో ఒక కాలనీవాళ్లు ఆట పెట్టించారు. సత్తయ్య సూరవ్వ వేషం రాములుకిచ్చాడు, కావలివాడి ఈటె దశరథానికిచ్చాడు. రాములు ఊగాడు. బూడిద రాలింది. జనం పడిపడి నవ్వారు. మీసాల మీద బూడిదతో, తుమ్మలేక, దశరథం ఆ నడకను ఎదురుగా చూస్తూ నిలబడ్డాడు. తన ఒంట్లోంచి వెళ్లిపోయింది, కాని ఊరి మీద తిరుగుతూనే ఉంది. రేపు రాములు దగ్గర ఇంకొకడు నేర్చుకుంటాడు.

ఆట అయ్యాక రాముల్ని పట్టుకుని అంతా చెప్పాడు. రాములు ఓపిగ్గా విని, "మంచిగున్నదన్నా. కాని జనం నవ్వాలె గదా," అన్నాడు.

ఆ తర్వాత దశరథానికి కొత్త పని పడింది. మధ్యాహ్నాలు, ఎయిర్‌పోర్టు బయట క్యాబ్‌లు కిరాయి కోసం వరుసగా ఆగే ఖాళీ జాగాకు మోపెడ్ మీద పోతాడు. మోపెడ్ వెనక స్టీలు బిందె కట్టి ఉంటుంది. రాములు మొదటి రెండు రోజులు కారు అద్దాలెత్తి నిద్ర నటించాడు. మూడో రోజు బయటికొచ్చాడు. నాలుగో రోజు, యూనిఫాం చొక్కా మీదే, బిందె నెత్తిన పెట్టుకుని రెండు కార్ల వరుసల మధ్య నడిచాడు. డ్రైవర్లు సీట్లలోంచి తలలు బయటపెట్టి చూశారు, కొందరు కేకలేశారు. ఆరో అడుగులో బిందె ఒరిగి నీళ్లన్నీ రాములు మెడలోకి దిగాయి.

"ఇది నాతోని కాదన్నా," అన్నాడు రాములు, చొక్కా పిండుకుంటూ. "కిరాయి వస్తె తడిసిన బట్టలతోని పోవాల్నా?"

"కిరాయి వచ్చెదాక నడువు," అన్నాడు దశరథం. అప్పటికే అక్కడున్న నీళ్ల ట్యాంకరు దగ్గర బిందె కింద పెట్టి నల్లా తిప్పాడు. "మొదట బిందె సంగతి మర్చిపో. అందుల ఎవలున్నరో అది యాదికి పెట్టుకో."

రాములు గొణుక్కున్నాడు. గొణుక్కుంటూనే గుడ్డ చుట్టి తలమీద పెట్టుకున్నాడు. బిందె నిండేదాకా కూడా ఆగలేక, దశరథం ట్యాంకరు చుట్టూ ఒక చుట్టు తిరిగి వచ్చాడు.